ఖాళీ గది చప్పుడు

తల్లిన్‌లో మంచుకేం కరువు లేదు.
అయినా హెల్వి
తోలుసంచిలో బంగాళాదుంప పిండి పోసి
రెండు చేతుల్తో పిసికేది.
తెర మీద సైనికుడు నడుస్తుంటే
ఆమె పిడికిళ్ళలో కరక్, కరక్.
"మైకు ముందు అసలు మంచు అబద్ధమాడుతుంది,
పిండి ఆడదు" అనేది.

నేను చేరింది డెబ్బై ఎనిమిదిలో.
టేపు కోయడం, అతికించడం,
బ్లేడు తగిలిన వేలికి
అదే టేపు చుట్టుకోవడం నా పని.
మొదటి వారం నాతో మాట్లాడలేదు.
రెండో వారం తాళాల గుత్తి ఒకటి చేతికిచ్చి
"ఊపు. ఇవి ఎవరివి?" అంది.
ఊపాను. తెలీదన్నాను.
"ఇంటికి వెళ్ళబుద్ధి కాని మనిషివి. మళ్ళీ విను."

సంగీతంలోకి ఆమె దొడ్డిదారిన వచ్చింది.
ఘనత వహించిన సంగీతకర్త
తాగి పడిపోయిన రాత్రి అది.
తెల్లారితే డబ్బాలు మాస్కో రైలెక్కాలి.
హెల్వి గోడకున్న రేడియేటర్‌ని
సూప్ చెంచాతో కొట్టింది.
ఆ మోతని సగం వేగంలో తిప్పి,
తిరగేసి,
కింద ఒక్కటంటే ఒక్క చెల్లో తీగ పరిచింది.
తెర మీద ఆయన పేరే పడింది.
ఆయనకి పతకం కూడా వచ్చింది.
ఈమెకి వంగిన చెంచా మిగిలింది.

తర్వాత ఆమె పేరూ పడింది,
పదకొండు సినిమాలకి,
రెండింటిలో తప్పు అక్షరాలతో.

దేశం మాదయ్యాక కొన్నేళ్ళు
సినిమాకి పైసా లేదు.
పెరుగు ప్రకటనలో గిన్నె అడుగు గీరే చప్పుడు
ఊరంతా విన్నారు.
అదే చెంచా.

ఒక్క పట్టింపు మాత్రం వదల్లేదు.
షూటింగ్ ముగిసిన ప్రతిచోటా
దీపాలు ఆర్పకముందే చెయ్యెత్తేది:
"ఎవరూ కదలొద్దు. ముప్ఫై సెకన్లు."
నటులు సగం విప్పిన కోటుతో,
వంటమనిషి గరిటె గాల్లో ఉంచి,
అందరూ ఊపిరి బిగబట్టి.
మాటకీ మాటకీ మధ్య కోతపడిన చోట
మాసిక వేయడానికి
ఆ గది గుడ్డే కావాలట, పక్కగది గుడ్డ అతకదట.
అలమరలో డబ్బాల మీద ఆమె చేతిరాత:
ముహు దీవి, వంటిల్లు, మార్చి.
చర్చి, వానకి ముందు.
ఆసుపత్రి వసారా, ఎవరూ లేరు.

చెవి పైనుంచి కిందకి చీకటి పడుతుందని
డాక్టరు గీసిన గీత చూస్తే తెలిసింది.
ముందు పిట్టలు పోయాయి.
తర్వాత ట్రామ్ తీగ మీది ఈల.
ఆ తర్వాత నా మాటల్లో స, శ, ష.
ఎవరికీ చెప్పొద్దంది.
ఆఖరి సినిమాకి నన్ను పక్కన కూర్చోబెట్టుకుని
పిట్ట అరిస్తే వేలెత్తమంది.
నేను వేలెత్తేవాణ్ణి, ఆమె మీట జరిపేది.
కుర్ర దర్శకుడు వెనక కుర్చీలోంచి
"ఏం చెవులండీ మీవి!" అన్నాడు.
ఇద్దరం తిరగలేదు.

భార్య సూట్‌కేసు పట్టుకుని వెళ్ళిపోయే చోట
పిల్లాడు సంగీతం అడిగాడు.
వయొలిన్‌లకి బడ్జెట్ కూడా ఉందన్నాడు.
ఆమె అలమర తీసి
ముహు దీవి వంటిల్లు ఎక్కించింది.
పొయ్యి చల్లారుతున్న టిక్ టిక్,
చిమ్నీలో గాలి,
అంతే.
అతను చాలాసేపు విని
"ఇది ఏ వాయిద్యం?" అన్నాడు.
"గది" అంది.

నాకు మాత్రం చెమట పట్టింది.
పంతొమ్మిదో సెకను దగ్గర
గుర్ర్‌ర్‌ మని చిన్న ఉరుము.
ఆ రోజు నాకు ఇరవై రెండేళ్ళు,
పొద్దున్నించీ ఏమీ తినలేదు,
గరిటెలోంచి చేపల పులుసు వాసన.
అది నా కడుపు.

పిల్లాడు వెళ్ళాక అడిగాను,
"కోసెయ్యనా?"
పెదాలు చదువుకుని నవ్వింది.
"ఉండనీ, ఉర్మస్.
కింది స్థాయి చప్పుడు కదా.
అదొక్కటి
నాకింకా బాగా వినిపిస్తోంది."